దాచుకున్న పేరు

"మీ ఆసుపత్రి సీరియల్ ఈ నెలతో ఆపేస్తున్నామండీ, క్లామ్ గారూ," అంటూ స్వెన్యా కాఫీ కప్పు ఆయన ముందుకు జరిపింది. జర్మనీలోని కొలోన్ నగరంలో ఉన్న ఆ టీవీ చానెల్‌కు ఆమె కొత్తగా వచ్చిన అధికారి.

ఏళ్ళ తరబడి ఆ సీరియల్‌కు దర్శకత్వం వహిస్తున్న ఉవే క్లామ్ తలూపాడు.

"మాకు ఇలా తీసేవాళ్ళు కావాలి." ఆమె తెర మీద ఒక పాత సినిమా వేసింది. రైన్ నది మీది పొగమంచును చీల్చుకుంటూ ఒక పడవ వచ్చింది. "దర్శకుడు హార్ట్‌విగ్ లోరెంజ్. ఇదొక్కటే తీసి మాయమయ్యాడట. ఎంత వెతికినా దొరకడం లేదు. మీ వయసువాడే కదా, మీకేమైనా తెలుసా?"

క్లామ్ తెరవైపు వంగాడు. హార్ట్‌విగ్ లోరెంజ్ అన్నది తన అసలు పేరే. సీరియళ్ళతో ఆ పేరు చెడిపోకూడదనే టీవీ కోసం ఇంకో పేరు పెట్టుకున్నాడు.

"అది నేనేనమ్మా."

స్వెన్యా పగలబడి నవ్వింది. "మీకు జోకులు కూడా వచ్చా! ఇలాంటి జోకు వారానికొకటి సీరియల్‌లో పడినా దాన్ని ఆపేవాళ్ళమే కాదు!"

రుజువు చూపిద్దామని నోరు తెరిచాడు. కానీ తెరవైపు చూస్తున్నకొద్దీ, ఆ సినిమా తీసింది తనేనంటే ఆయనకూ నమ్మబుద్ధి కాలేదు.

"ఎక్కడైనా కనిపిస్తే చెబుతానులే," అని కోటు అందుకున్నాడు.