ఎవరూ ముట్టని సాస్

అందరూ తింటున్నారు. కాత్యాయని తెచ్చిన గాజుగిన్నె జోలికి మాత్రం ఒక్కరూ రావడం లేదు.

డిసెంబరు ఎండ. గ్రాహం ఇంటి పెరట్లో, పందిరి కింద క్రిస్మస్ విందు. బల్ల మీద బ్రెడ్డు, చీజు, సలాడ్లు ఖాళీ అవుతున్నాయి. మధ్యలో ఎర్రగా నిగనిగలాడుతూ క్రాన్‌బెర్రీ సాస్. ఎండు క్రాన్‌బెర్రీలను నారింజ రసంలో ఉడికించి, కిస్‌మిస్ కలిపి, పైన నేతిలో వేయించిన జీడిపప్పు, అక్రోటు పలుకులు చల్లింది. అందులో పెట్టిన చెంచా పెట్టినట్టే ఉంది.

"ఏమండీ, బాగాలేదేమో!" అంది భర్త చెవిలో.

"నువ్వు రుచి చూశావా?" అన్నాడు రామానుజం.

"నలుగురికీ పెట్టేది ముందే ఎంగిలి చేస్తానా?"

"సరిపోయింది! మా బాసు ఇల్లు కాత్యా ఇది. Y2K పని అవగానే టీమ్‌లో ఎవర్ని ఉంచాలో తేల్చేది ఈ గ్రాహమే. నేతి వాసనకే జడుసుకున్నట్టున్నారు. వాళ్ల సాసులో నెయ్యి ఎవరు వెయ్యమన్నారు నిన్ను?"

ఆమె చెవులు వేడెక్కాయి.

అంతలో ఒకావిడ చెంచా అందుకోబోయింది. గ్రాహం భార్య లిన్ చటుక్కున ఆవిడ చేతిమీద తట్టి, చెవిలో ఏదో చెప్పింది. ఇద్దరూ కాత్యాయని వైపు చూసి నవ్వారు.

ఇక తలెత్తలేకపోయింది కాత్యాయని. ఖాళీ పళ్లేలు తీస్తున్నట్టుగా లేచి, వాటితో పాటు గిన్నె కూడా పట్టుకుని లోపలికి నడిచింది. వంటింట్లో ఎవరూ లేరు. సాసంతా చెత్తబుట్టలోకి వంచి, పైన కాగితపు పళ్లేలు కప్పేసింది. కుళాయి కింద గిన్నె తోముతుంటే కళ్లు చెమర్చాయి.

"కాతీ, ఇక్కడున్నావా!" లిన్ హడావిడిగా వచ్చి అవెన్ తెరిచింది. లోపల టర్కీ కోడి బంగారు రంగులో కాలి ఉంది. "శాకాహారులు, మీకిది పట్టదులే. మాకు మాత్రం క్రాన్‌బెర్రీ సాస్ లేనిదే టర్కీ దిగదు. మా అక్క చూడు, ఆగలేక వట్టి బ్రెడ్డుకే రాసుకోబోయింది! టర్కీ వచ్చేదాకా కాతీ సాస్ మీద ఎవరి చెయ్యీ పడకూడదని పొద్దుటే అందరికీ గట్టిగా చెప్పాను. ఈసారి షాపు సీసా కూడా కొనలేదు."

టర్కీ పళ్లేన్ని గట్టు మీద పెట్టి, నవ్వుతూ చెయ్యి చాచింది.

"ఏదీ, సాస్ ఇలా ఇవ్వు."