మెట్ల మీద పావుగంట

అమ్మ మిషన్‌కి దారం ఎక్కించింది. సినిమాకైనా సరే, ఖాళీ మిషన్ తొక్కనంది. సూది కింద ఎవరిదో చొక్కా కాలరు.

కూతురు తీసే సినిమాల్లో సగం జరిగింది, సగం జరగనిది. "ఇందులో నిజమేదే?" అని అడగడం చుట్టాలు ఎప్పుడో మానేశారు. చూడడమూ మానేశారనుకోండి.

జరిగింది నిన్ననే తీశారు.

ఇరవై ఏళ్ల కిందట అమ్మతో మాటా మాటా పెరిగి, అన్న సంచి భుజాన వేసుకుని ఇదే గుమ్మంలో నిలబడ్డాడు. "వెళ్తున్నానమ్మా" అన్నాడు. అమ్మ మిషన్ మీంచి తలెత్తలేదు. మళ్లీ అతని జాడ లేదు.

నిన్న అన్న వేషంలో ఉన్న నటుడు ఆ మాట అన్నప్పుడూ అమ్మ తలెత్తలేదు. ఒక్క టేకులో అయిపోయింది.

ఇవాళ జరగనిది తీయాలి. అమ్మ తలెత్తి "ఆగరా" అనాలి. అతను ఆగాలి.

ఆరు టేకులయ్యాయి. కాలరు మీద ఆరు వరసల కుట్టు పడింది. అమ్మ నోరు పెగల్లేదు.

"ఒక్క మాటేగా అమ్మా." కూతురి గొంతులో విసుగు దాగలేదు.

"నేను పిలిస్తే ఆ అబ్బాయి ఆగుతాడా?"

"ఆగుతాడు. అలాగే రాశాను."

అమ్మ దారం కొసను పళ్లతో కొరికింది.

"ఒక్క మాటకే ఆగేవాడని కళ్లారా చూశాక నేనెలా బతకనే?"

కూతురు చేతిలోని కాగితం చూసుకుంది. సాయంత్రం తీయాల్సిన షాట్ ఇంకొకటి ఉంది.

ఆ రోజు అన్న వెంటనే దిగిపోలేదు. మెట్ల మలుపులో సంచి కింద పెట్టి, తలుపు వైపే చూస్తూ పావుగంట నిలబడ్డాడు. వంటింటి కిటికీలోంచి పదేళ్ల చెల్లెలు చూసింది. అమ్మ కోపానికి జడిసి అప్పుడు చెప్పలేదు. తర్వాత చెప్పడానికి నోరు రాలేదు. ఇలాగైనా చెప్పుకుందామనే ఈ సినిమా మొదలుపెట్టింది.

"సరే అమ్మా," అంది. "మార్చేస్తున్నాను. నువ్వు పిలిచినా అతను ఆగడు."

ఏడో టేకు.

"వెళ్తున్నానమ్మా."

మిషన్ ఆగింది.

"ఆగరా," అంది అమ్మ. లేచి గుమ్మం దాకా వచ్చింది. "ఒరే, నా మాట విను. ఆగరా నాన్నా."

నటుడు వెనక్కి తిరగకుండా వెళ్లిపోయాడు.

అమ్మ కళ్లు తుడుచుకుంది. ఆమె ముఖం అంత తేటగా ఉండడం కూతురు ఇరవై ఏళ్లలో చూడలేదు.

"చూశావుగా. పిలిచినా ఆగేవాడు కాదు."

నటుడు కాగితం పట్టుకుని లోపలికి తొంగిచూశాడు.

"మేడమ్, మెట్ల మీద నేను పావుగంటా నిలబడాలా?"

అమ్మ కూతురి వైపు చూసింది.

"అక్కర్లేదు," అంది కూతురు. "ఆగకుండా దిగిపో."