మొగిలయ్య జవాబు

"జర మెల్లగ మాట్లాడున్రి సార్. బీపీ పెర్గొద్దని డాక్టర్ జెప్పిండు," అంటూ సత్తమ్మ ప్లాస్టిక్ కుర్చీని మంచం దగ్గరికి జరిపింది.

దామోదర్ అందులో సగమే కూర్చున్నాడు. పూర్తిగా కూర్చునే ముఖం ఎక్కడిది? చిల్కానగర్‌లో ఈ సందు దొరకడానికి అరగంట పట్టిందని ఆటో అతని మీద విసుక్కున్నాడు గానీ, నిజానికి ఆయనకు ఇక్కడికి రావడానికి పదకొండేళ్లు పట్టింది. మొన్న ఉప్పల్ మెట్రో మెట్ల దగ్గర పాత ఫిట్టర్ రమేష్ కనిపించి, "మొగిలయ్యకు పక్షవాతం వచ్చింది సార్" అని చెప్పకపోతే ఇప్పుడైనా వచ్చేవాడు కాదేమో.

మంచం మీద మొగిలయ్య దిండుకు ఆనుకుని ఉన్నాడు. నాచారం ఫ్యాక్టరీలో దామోదర్ కింద కొలిమి చూసుకున్న మనిషి. కుడి పక్కంతా పడిపోయింది, మాట కూడా పోయింది. చూపూ, వినికిడీ మాత్రం బాగానే ఉన్నాయి. వచ్చినవాడెవరో చూడగానే గుర్తుపట్టాడు.

"మాట రాదు గని, ఏమన్న జెప్పాల్నంటె ఫోన్ల కొడ్తడు," అంటూ సత్తమ్మ భర్త ఒళ్లో ఒక లావుపాటి ఫోన్ పెట్టింది. మొగిలయ్య ఎడమచేత్తో తెరను పైకి నెట్టాడు. కింద నుంచి బుల్లి బుల్లి మీటల వరుసలు బయటపడ్డాయి.

"ఇంకా దొరుకుతున్నాయా ఇలాంటివి?"

"మా బిడ్డ హిమజ యాడనో పాతది దేవులాడి తెచ్చింది సార్. టచ్ ఫోనైతే వేలు వణికి ఒకటి కొడితె పది పడుతుండె. గీ బటన్లైతే దొరుకుతయంట. బిడ్డ కంపెనీకెల్లి రాంగనే ఇద్దరు దీంట్లనే ముచ్చట వెడ్తరు."

దామోదర్ దారి పొడవునా కూర్చుకున్న మాటలన్నీ ఎటో పోయాయి.

"మొగిలయ్యా, ఆ రోజు మధ్యాహ్నం షిఫ్టులో నిద్రపోయింది నేను. నువ్వు కాదు. వేడి పెరిగిపోతోందని నువ్వు మూడుసార్లు క్యాబిన్‌కు వచ్చి లేపావు. నేనే కసిరి పంపించాను. సరుకంతా మాడిపోయాక, ఎంక్వయిరీలో... మొగిలయ్య పడుకున్నాడని చెప్పాను."

మొగిలయ్య ఆయన ముఖంలోకి సూటిగా చూశాడు.

"నువ్వేమన్నావో నాకింకా గుర్తుంది. 'సార్‌నే అడుగున్రి, ఆయన అబద్ధమాడడు' అన్నావు. నా పక్కనే నిలబడి అన్నావు!"

"అవ్, గట్లనే అన్నడు," అంది సత్తమ్మ, తనలో తాను అనుకుంటున్నట్టు. "కొల్వు వోయినంక వాచ్‌మన్ పనికి తిరిగిండు సార్. మల్లాపూర్, మౌలాలి, అన్ని తిరిగిండు. 'నువ్వు డ్యూటీల పంటవంట గద' అని ఒక్కడు వెట్టుకోలే."

దామోదర్‌కు తల కొట్టేసినట్టయింది. ఛీ, ఏం బతుకు! అబద్ధమాడటానికి ఒక్క నిమిషం పట్టింది. ఆ నిమిషం ఈ ఇంటిని ఎన్నేళ్లు తిందో ఇప్పుడు తెలిసింది. ఆ తర్వాత ఆయన రెండు ప్రమోషన్లు తీసుకున్నాడు, శాలువా కప్పించుకుని రిటైరయ్యాడు. నిజం చెబుదామంటే ఇప్పుడా ఫ్యాక్టరీయే మూతపడింది.

"నన్ను క్షమిస్తావా మొగిలయ్యా? తిడతానంటే తిట్టు, పడతాను. ఏదో ఒకటి చెప్పు."

మొగిలయ్య బొటనవేలు మీటల మీద పడింది. టక్, టక్, టక్. ఒక్కో అక్షరాన్ని వెతికి వెతికి నొక్కుతున్నాడు. నుదుటి మీద చెమట పట్టింది. చాలాసేపు కొట్టాడు. తెర దామోదర్‌కు మూరెడు దూరంలోనే ఉంది. మెడ చాస్తే కనిపిస్తుంది. చాచే ధైర్యం లేక నేలకేసి చూస్తూ కూర్చున్నాడు.

వేలు ఆగింది. సత్తమ్మ ఫోన్ అందుకుని తెర వంక చూసింది, భర్త వంక చూసింది.

"అయిందేదో అయింది, మనసుల వెట్టుకోకున్రి అంటుండు సార్."

మొగిలయ్య గొంతులోంచి వింత శబ్దం వచ్చింది. ఎడమచేత్తో మంచం పట్టె మీద దబదబా బాదాడు. దామోదర్‌కు దుఃఖం పొంగుకొచ్చింది. తనలాంటి నీచుడి కోసం ఈ మనిషి ఇంతగా కదిలిపోతున్నాడు!

మొగిలయ్య భార్య చేతిలోంచి ఫోన్ లాక్కుని మళ్లీ కొట్టాడు. ఈసారి మీటలు విరుగుతాయేమో అన్నంత గట్టిగా నొక్కాడు. కళ్ల వెంట నీళ్లు కారుతున్నాయి.

"ఏమంటున్నాడమ్మా?"

"మీరు గూడ మస్తు బాధ వడ్డరు, ఇగ ఫికర్ జెయ్యకున్రి అంటుండు. నేనెప్పుడో మాఫ్ జేసిన అంటుండు."

మొగిలయ్య ఫోన్‌ను ఠప్పున మూసి ముఖం గోడ వైపు తిప్పుకున్నాడు. దామోదర్ లేచి అతని పాదాలు తాకాడు. అవి రెండూ చల్లగా ఉన్నాయి.

గుమ్మం బయట చెప్పులు తొడుక్కుంటుంటే ఆయన ఒళ్లు దూదిలా తేలికైంది. అంత సిగ్గులోనూ ఆశ చావదు కదా మనిషికి! ఆ చివరి మాట ఇంకొక్కసారి వినాలనిపించింది. సత్తమ్మ ఫోన్ చేతిలో పట్టుకుని సాగనంపడానికి వచ్చింది.

"అమ్మా, మొగిలయ్య కొట్టింది ఉన్నదున్నట్టు ఇంకోసారి చదువు. చచ్చేదాకా గుర్తుపెట్టుకుంటాను."

సత్తమ్మ వెనక్కి తిరిగి తలుపు దగ్గరికి వేసింది.

"నాకు సదువు రాదు సార్."