తవుడు ఊరగాయ సీను

స్క్రిప్టు పూర్తయ్యేదాకా గడప దాటనివ్వనని దర్శకుడు కువబారా గారు నన్ను అతామీ వేడినీటి బుగ్గల దగ్గర ఒక సత్రంలో కూర్చోబెట్టి ఇరవై రోజులైంది. భార్య ఇల్లు వదిలి వెళ్ళే సీను ఆరుసార్లు రాశాను. ఆరుసార్లూ చించేశారు.

“ఆడదానివై ఉండి ఆడదాని మాట రాయలేవేం, ఫుసాయో?”

పెళ్ళీ పెటాకులూ లేనిదాన్ని, నాకేం తెలుసు! యుద్ధం ముగిసి ఏడేళ్ళైనా మా స్టూడియోలో ఆడ రచయితను నేనొక్కదాన్నే. రాత సంగతెలా ఉన్నా, టీ పొయ్యడంలో మాత్రం నన్ను మించినవాడు లేడు.

ఇవాళ ఏడోసారి రాసింది చదివి ఆయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు. ఇందులో భార్య ఏడవదు, తిట్టదు. “పదిహేనేళ్ళు పాడవకుండా రోజూ నేనే కలిపాను. రేపట్నించి ఆ తవుడు ఊరగాయ మీరే కలుపుకోండి,” అని వెళ్ళిపోతుంది.

“మాటంటే ఇదీ! ఇన్నాళ్ళకి మనిషిలా రాశావు. కాకపోతే చివర్లో వెనక్కి రప్పించు. పదిహేనేళ్ళు కాపురం చేసింది ఎక్కడికి పోతుందీ?”

“అది నా చేతుల్లో లేదు గురువుగారూ.”

“రాసేది నువ్వు కాదూ?”

ఎదురుగా చెప్పే ధైర్యమే ఉంటే ఆ సీను రాసేదాన్నే కాదు. ఆయన కప్పులో టీ పోసి, తల వంచుకుని అన్నాను:

“పొద్దున మీరు స్నానానికి వెళ్ళినప్పుడు మీ ఇంటి నుంచి అమ్మగారు ఫోన్ చేశారండీ. మీతో చెప్పమన్న మాటే అది.”