తెర లాగే పని

"నాటకమంటే నాకూ ఇష్టం. ఏదైనా పని చెప్తే చేస్తాను."

ఏలూరులో రిహార్సల్ జరుగుతున్న హాలు గుమ్మంలో నిలబడి, నెమ్మదైన ఇంగ్లీషులో అడిగాడు ఆ ముసలి తెల్లాయన.

పేరు యానుష్. పోలండు దేశస్థుడు. ఎనభై దాటి ఉంటాయి. కొల్లేరు పక్షుల్ని చూడ్డానికొచ్చి పక్క లాడ్జిలో దిగాడు.

శ్రీహరికి విసుగొచ్చింది. కాలేజీలో పాఠాలు చెప్పుకుంటూ ఏళ్లుగా నాటకాలు వేయిస్తున్నాడు, ఉత్తమ దర్శకుడి బహుమతి ఒక్కసారీ రాలేదు. తాడేపల్లిగూడెం పోటీలేమో దగ్గర పడ్డాయి.

"సరే, తెర లాగండి," అన్నాడు.

ముసలాయన ముఖంలో ఏదో మెదిలి మాయమైంది. నవ్వి, వెళ్లి తాడు పట్టుకున్నాడు.

ఆ రోజునుంచీ అందరికంటే ముందే వచ్చేవాడు.

నాటకం చివర, కొడుకు కొల్లేట్లో మునిగిపోయాడని విని తల్లి గొల్లుమంటుంది. ఆ ఏడుపు మీదే తెర పడాలి.

"ఆమె ఏడుపు ఆగేదాకా తెర వెయ్యకుండా ఉందామా?" అన్నాడొకరోజు యానుష్. "ఆ తర్వాత ఏం చేస్తుందో చూద్దాం."

"మా ప్రేక్షకుల సంగతి మీకు తెలీదండీ. మీరు తెర చూసుకోండి, చాలు."

యానుష్ తలూపాడు. మళ్లీ నోరెత్తలేదు.

పోటీ రోజు తల్లి వేషంలో ఉన్న వీరదుర్గ గొల్లుమంది.

తెర పడలేదు.

పక్కనుంచి శ్రీహరి చెయ్యి ఊపాడు. యానుష్ ఇటు చూడనేలేదు. తాడు పట్టుకుని వీరదుర్గనే చూస్తున్నాడు.

ఆమె ఏడ్చి ఏడ్చి ఆగింది. ఏం చెయ్యాలో తోచక పైటతో కళ్లు తుడుచుకుంది. కొడుక్కోసం వడ్డించి ఉంచిన కంచం మీద మెల్లగా మూత పెట్టింది.

హాల్లో ఒక్కరూ కదల్లేదు.

అప్పుడు పడింది తెర.

"చెప్పిన ఒక్క పనీ చేతకాలేదు మీకు. ఇక వెళ్లండి," అన్నాడు శ్రీహరి, అందరి ముందూ.

యానుష్ చేతులు జోడించి, సంచి భుజాన వేసుకుని స్టేషను దారి పట్టాడు.

ఉత్తమ దర్శకుడి బహుమతి శ్రీహరికే వచ్చింది.

జ్ఞాపిక అందించిన జడ్జి బాలసరస్వతిగారు ఢిల్లీలో నాటకం పాఠాలు చెప్పి రిటైరైన మనిషి.

"ఏడుపయ్యాక కూడా తెర వెయ్యకుండా ఆపారు చూడండి, బహుమతి దానికేనండీ. ఎలా తోచింది మీకు?"

శ్రీహరి జ్ఞాపికని ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నాడు.

"అది ఈ తాతగారి పనండీ," అంటూ వీరదుర్గ తన ఫోనులో ఫొటో చూపించింది.

బాలసరస్వతిగారు ఫోను చేతిలోకి తీసుకుని, ఫొటో పెద్దది చేసి చూశారు.

"ఎక్కడున్నారీయన?"

"వెళ్లిపోయారండీ," అన్నాడు శ్రీహరి. "నేనే పొమ్మన్నాను."

ఆవిడ ఫోను వీరదుర్గకి తిరిగిచ్చారు.

"మా గురువులు ఈయన నాటకాలూ సినిమాలే చూపించి మాకు దర్శకత్వం నేర్పారండీ. ఈయన తీసిన ఒక సినిమా గిట్టక, ఆ రోజుల్లో పోలండు ప్రభుత్వం ఈయన్ని డైరెక్షన్ చెయ్యనివ్వలేదు. ఈయన నిలబెట్టిన నాటకశాలలోనే, ఈయన చేత, ఏళ్ల తరబడి తెర లాగించింది."