పాట ఆగినప్పుడు

హుషారన్నయ్య టీవీలో పార్టీ మొదలెట్టాడంటే, మంచం పట్టినవాడు కూడా లేచి రెండు గంతులు వేస్తాడని ప్రతీతి.

అది కుర్రకారు డాన్సుల కార్యక్రమం. నడిపేవాడికి మాత్రం నలభై ఎప్పుడో దాటాయి. జుట్టులో నలుపంతా సీసాలోదే.

ఆ రోజు ప్రసారానికి ముందు చానల్ పెద్దాయన ఫోన్ చేశాడు.

"జనం తగ్గిపోతున్నారయ్యా. ఇవాళ రక్తి కట్టిందా, సరే. లేదంటే వచ్చే వారం నుంచి నీ గంట వంటల కార్యక్రమానికి."

హుషారన్నయ్య జుట్టు సర్దుకున్నాడు. ఎలా కనిపిస్తున్నానో అని హాల్లోని టీవీ తెరలో చూసుకున్నాడు. తన భుజం వెనక ఓ ముసలావిడ!

హాల్లో మోగుతున్న పాటకి, స్పీకరు పెట్టె మీద అరచెయ్యి ఆనించి తలూపుతోంది.

"ఎవరావిడ?"

"బామ్మ అన్నయ్యా. ప్రతి వారం వస్తుంది, అక్కడే నుంచుంటుంది," అంది ఆడే పిల్లల్లో ఒకమ్మాయి.

"నా పక్కన నుంచుంటే జనం ఇద్దరికీ ఒకటే ఈడు కట్టేస్తారు!"

అతనే దగ్గరికి వెళ్ళాడు. "పెద్దమ్మా, కాస్త బయట కూర్చోండి."

ఆవిడ నవ్వింది. కదల్లేదు.

"మిమ్మల్నే! బయటికి!"

ఇంకా చల్లగా నవ్వింది.

"చూశారా పొగరు! నేనంటే పూచికపుల్ల!" అంటూ చెయ్యి పట్టుకుని గుమ్మం దాటించి వచ్చాడు.

ప్రసారం మొదలైంది. పాట అదిరింది. పిల్లలు చెలరేగిపోయారు.

హుషారన్నయ్య మైకు అందుకున్నాడు.

అతను మాట్లాడేటప్పుడు హాల్లో పాటని చెవికి అందనంతగా తగ్గించేస్తారు, స్పీకరు పెట్టె సన్నగా అదరడం తప్ప ఏమీ ఉండదు. ఇళ్ళలో చూసేవాళ్ళకి మాత్రం అది సన్నగా వినిపిస్తూనే ఉంటుంది. పిల్లలు ఆ నిశ్శబ్దంలోనే తాళం తప్పకుండా ఆడాలి.

ఇవాళ పాట ఆగిందో లేదో, చీమల పుట్టలో కాలు పెట్టినట్టయింది. ఒకడి చెయ్యి పైకి, ఇంకొకడిది పక్కవాడి ముక్కుకి. ఇద్దరు ఢీకొని కూలబడ్డారు. మళ్ళీ మాట్లాడాడు, మళ్ళీ అదే తంతు.

ముగిసీ ముగియగానే ఫోన్ మోగింది.

"వంటలావిడని రమ్మన్నాను," అన్నాడు పెద్దాయన.

హుషారన్నయ్య పిల్లల మీద పడ్డాడు. "ఏం రోగమొచ్చిందర్రా? ఇన్నాళ్ళూ పాట ఆగినా అడుగు తప్పలేదు కదా!"

"బామ్మని చూసి ఆడేవాళ్ళం అన్నయ్యా. పాట ఆగినా ఆవిడ తల ఆగేది కాదు."

అతను గేటు దాకా పరుగెత్తాడు. ఆవిడ రోడ్డవతల బస్సెక్కుతోంది.

"పెద్దమ్మా! తప్పయిపోయింది! ఆగండి!"

వీధి వీధంతా తిరిగి చూసింది, ఆవిడ తప్ప.

బస్సు వెళ్ళిపోయింది.

"ఇంకా కోపం చల్లారినట్టు లేదు," అన్నాడు రొప్పుతూ.

గేటు కాపలా ఆయన కుర్చీలోంచి లేచాడు.

"కోపమా, మా అత్తగారికా! ఇంట్లో ఒక్కతే ఏం కూర్చుంటుందని నేనే తీసుకొస్తున్నానండీ. ఊరికే గొంతు చించుకోకండి సార్, ఆవిడకి పుట్టుచెవుడు."