చారెడు మంచు

“అబద్ధాలు చెప్తాండావు. నువ్వు రష్యాలో ల్యావు,” అంది ఫోన్‌లో వెంకటేశ్వరి. “మనం మాట్లాడుకోబట్టి ఆర్నెల్లాయ, ఒక్కసారన్నా మంచు చూపిచ్చినావా? మా ఊర్లో ఈ ఏడు ఇంకా పడలా. మీ ఊరిదన్నా చూపీ.”

లింబాద్రి జాకెట్టు జిప్పు గడ్డం దాకా లాక్కున్నాడు.

కువైట్‌లో, దజీజ్ గోదాముల మధ్య, కోడిమాంసం దాచే ఫ్రీజర్ గదిలో పెట్టెలు మోసే లింబాద్రి, ఆమె లెక్కలో మాత్రం రష్యాలో నాలుగో ఏడు డాక్టరు చదువుతున్నాడు. వెంకటేశ్వరిదీ అక్కడే, ఇంకో ఊర్లో, అదే చదువు. మందపు జాకెట్టు, నోట్లోంచి పొగ, వెనక తెల్లటి గోడ. వీడియోలో చూసినవాళ్ళెవరైనా నమ్మాల్సిందే. మాస్కోలోనూ కువైట్‌లోనూ టైము ఒకటే కావడం దేవుడు చేసిన మేలు. హాస్టలు ముచ్చట్లంటారా, అవన్నీ యూట్యూబ్ పెట్టిన భిక్ష.

పట్టుబడితే ఆమె మళ్ళీ ఫోన్ చేయదు. రోజుకొకసారి ‘తిన్నావా’ అని అడిగే మనిషి అతనికి ఈ లోకంలో ఆమె ఒక్కతే.

“నిన్న మా హాస్టల్లో ఆడపిల్లలమంతా కిటికీలు తెరిచి, మార్కుల పుస్తకాలు బయటికి చాపి, పరీక్ష గట్టెక్కించమని అదృష్టాన్ని కేకలేసి పిలిచినాం. మీరు పిలవలా?”

“పిల్వకేంది? అరిచి అరిచి గొంతు పోయింది.” రష్యా విద్యార్థుల ఆ తంతు వీడియో అతను యూట్యూబ్‌లో నాలుగుసార్లు చూశాడు.

“అయితే ఆ కిటికీ తెరిచి చూపీ.”

ఫ్రీజర్ గదికి కిటికీ ఎక్కడిది? “జర ఆగు,” అని ఫోన్ బోర్లా పెట్టి, గొట్టాల మీద పేరుకున్న మంచు చారెడు గీకి, కెమెరా ముందు పట్టాడు. “గిదే. ఇప్పుడే పడ్డది.”

వెంకటేశ్వరి ముఖం ఫోన్‌కు ఆనించినంత దగ్గరికి తెచ్చింది. “శానా చల్లగుంటాదా?” అంది.

“చేతులు కొంకర్లు పోతయి.” లింబాద్రికి పోయిన ప్రాణం తిరిగొచ్చింది.

“నిన్ను ఒక్కసారి ఎదురుగా చూడాలనుంది. ఏం చేచ్చాం, మన ఊర్ల మధ్య రెండు దినాల రైలు.”

అప్పుడే తోటి కూలీ అన్వర్ బాషా ట్రాలీతో తలుపు తెరిచాడు. పక్క వీధి మసీదు మైకులోంచి, మాటకోసారి గరగరమంటూ, మధ్యాహ్నపు అజాన్ లోపలికి దూసుకొచ్చింది. రోజూ ఈ వేళకు ముందే ఫోన్ పెట్టేసేవాడు. మంచు సంబరంలో ఇవాళ మరిచిపోయాడు.

వెంకటేశ్వరి ముఖం పాలిపోయింది.

లింబాద్రి అన్వర్ బాషాను ట్రాలీతో సహా బయటికి నెట్టి, జానెడు మందం తలుపు మూసేశాడు. బయటి చప్పుడు టక్కున తెగిపోయింది.

అజాన్ మాత్రం ఆగలేదు. అదే గరగరతో, ఆమె వైపు నుంచి, ఫోన్‌లో వస్తూనే ఉంది.